చిల్లీ పౌడర్ మన కారం కాదు: చపాటా మిర్చితో టర్కీ చిల్లీ

పోయిన డిసెంబర్‌లో మా ఇంట్లో పెద్ద కుక్కర్ నిండా వండిన కూరను ఒక్కరంటే ఒక్కరు తినలేకపోయారు. డాలస్‌లో ఉండే మా అక్క వాట్సాప్‌లో పంపిన వంటకం అది. టర్కీ కోడి ఖీమా, రాజ్మా, క్యాప్సికం, క్యారెట్, టమాట అన్నీ వేసి చిక్కగా ఉడికించే ‘చిల్లీ’. చలికాలంలో వాళ్లు ఆదివారం ఒక పెద్ద గిన్నెడు వండుకుని మంగళవారం దాకా తింటారట. ఆమె రాసిన కొలతల్లో ‘చిల్లీ పౌడర్ మూడు టేబుల్ స్పూన్లు’ అని ఉంది. చదివినప్పుడే అనుమానం వచ్చింది. అమెరికాలో పుట్టిన పిల్లలే తింటుంటే హనుమకొండలో పుట్టిన మనకేమైతది అని ధైర్యం చేసి మూడు చెంచాలూ నిండుగా వేశాను. మేం వాడేది తేజ మిర్చిని గిర్నీలో పట్టించిన కారం. అమ్మ ఒక్క ముద్ద నోట్లో పెట్టుకుని, "ఏందే ఇది, కూర వండినవా, నిప్పులు వండినవా?" అని మజ్జిగ చెంబు అందుకుంది.

అక్కకు ఫోన్ చేస్తే ముందు బాగా నవ్వింది. తర్వాత, "అయ్యో, ఇక్కడి చిల్లీ పౌడర్ మన కారం కాదే, చెప్పుడు మర్చిపోయిన" అంది. ఈ వంటలో ఉన్న చిక్కులో సగం ఆ ఒక్క మాట దగ్గరే ఉంది. మిగతా సగం టర్కీ మాంసం దగ్గర, రాజ్మా గింజల దగ్గర ఉంది. అవన్నీ విప్పుకునేసరికి నాకు ఇంకో నాలుగు వంటలు పట్టాయి. మధ్యలో టర్కీ దొరక్క రెండుసార్లు నాటుకోడితో కూడా చేశాను. ఇప్పుడు అమ్మ రెండోసారి అడిగి వేయించుకునేలా వస్తోంది.

ఒకే పేరు, నాలుగు వస్తువులు

హనుమకొండ చౌరస్తాలో ఏ ఫాస్ట్‌ఫుడ్ సెంటర్ దగ్గర నిలబడి ‘చిల్లీ’ అన్నా చిల్లీ చికెనే వస్తుంది. సోయా సాస్, కార్న్‌ఫ్లోర్ వేసి చేసే ఆ వంట పేరుకు చైనాదే గాని పుట్టింది మన దేశంలోనే. దానికీ మనం మాట్లాడుకునేదానికీ చుట్టరికం లేదు. ఇంగ్లిష్‌లో చిల్లీ అంటే మిరపకాయ కూడా. ఇక టెక్సాస్ వాళ్ల చిల్లీ ఒక వంటకం. దాని పూర్తి పేరు ‘చిల్లీ కాన్ కార్నె’, స్పానిష్ మాట. ఆ వంటకం కోసం అంగట్లో అమ్మే మసాలా పేరు చిల్లీ పౌడర్.

ఆ స్పానిష్ పేరును కొంచెం ఆగి చూడాలి. దాని అర్థం ‘మాంసంతో మిర్చి’. మన మటన్ కూరలో మటన్ ముఖ్యం, కారం చెంచాతో కొలిచి వేసేది. వీళ్ల వంటలో మిర్చే ముఖ్యం, మాంసం అందులో చేరేది. ఎండుమిర్చిని వేడినీళ్లలో నానబెట్టి, మెత్తగా రుబ్బి, ఆ గుజ్జులోనే మాంసం ఉడికిస్తారు. మనకు తెలిసినదానితో పోల్చాలంటే గోంగూర మటన్ గుర్తు చేసుకోండి. అందులో గోంగూరను చిటికెడో చెంచాడో వేయం, కట్టలకు కట్టలు వేస్తాం. కూరకు చిక్కదనం, రంగు, రుచి అన్నీ ఆ ఆకు నుంచే వస్తాయి. చిల్లీలో ఆ పని మిర్చిది. అంటే గిన్నెడు మిర్చి గుజ్జు తినగలిగేంత తక్కువ కారం ఉన్న మిర్చి కావాలి. మెక్సికోలో, టెక్సాస్‌లో వాడే ‘ఆంచో’ అలాంటిదే. పొబ్లానో అనే పెద్ద మిర్చిని పండనిచ్చి ఎండబెడితే ఆంచో అవుతుంది.

టెక్సాస్‌లోని శాన్ ఆంటోనియోలో 1880ల నాటికే రాత్రిళ్లు మైదానాల్లో బల్లలు వేసుకుని, లాంతర్ల వెలుగులో ఆడవాళ్లు చిల్లీ అమ్మేవారు. ‘చిల్లీ క్వీన్స్’ అనేవారు వాళ్లను. 1893లో షికాగోలో జరిగిన ప్రపంచ ప్రదర్శనలో శాన్ ఆంటోనియో చిల్లీ అంగడి ఒకటి పెట్టాక మిగతా అమెరికాకు ఆ రుచి తెలిసింది. అదే 1890లలో న్యూ బ్రౌన్‌ఫెల్స్ అనే ఊళ్లో విలియం గెబ్‌హార్ట్ అనే జర్మన్ వలసదారు ఒక తెలివైన పని చేశాడు. ఎండుమిర్చి ఏడాదంతా దొరకడం కష్టమని, దాన్ని మసాలా దినుసులతో కలిపి పొడి కొట్టి సీసాల్లో అమ్మాడు. అమెరికాలో చిల్లీ పౌడర్ అంటే ఇప్పటికీ అలాంటి కలిపిన పొడే. తక్కువ కారం మిర్చి, జీలకర్ర, ఒరెగానో, ఎండబెట్టిన ఎల్లిగడ్డ, కొన్నింటిలో ఉప్పు కూడా ఉంటాయి. మన సాంబారు పొడిని ఎవరో ‘మిరప్పొడి’ అని పేరు పెట్టి అమ్మితే ఎట్లుంటుందో అట్లా అన్నమాట.

ఇక కారం లెక్క. మిర్చి ఘాటును కొలవడానికి విల్బర్ స్కోవిల్ అనే ఫార్మసిస్టు 1912లో ఒక పద్ధతి పెట్టాడు. మిర్చి సారాన్ని చక్కెర నీళ్లలో పల్చన చేసుకుంటూ పోయి, నాలుకకు మంట తెలియకుండా పోయేదాకా ఎంత పల్చన చేయాల్సి వచ్చిందో అదే ఆ మిర్చి అంకె. ఆంచో అంకె 1,000 నుంచి 2,000 మధ్య ఉంటుంది. తేజ మిర్చికి సాధారణంగా చెప్పేది 50,000 నుంచి 1,00,000. తక్కువలో తక్కువ లెక్క వేసినా నేను వేసిన ఒక్క చెంచా వాళ్ల ఇరవై ఐదు చెంచాలకు సమానం. నేను వేసినవి మూడు.

ఆ వంట పాడైన రోజు నాకు తట్టిన మొదటి ఉపాయం కారం తగ్గించడం. మూడు చెంచాలకు బదులు అర చెంచా వేసి మళ్లీ వండాను. తినగలిగాం గాని అది చిల్లీ కాలేదు. రాజ్మా వేసిన ఖీమా కూరలా, పల్చగా, ఎర్రటి నీళ్లలో ముక్కలు తేలుతూ వచ్చింది. కారం తగ్గించినప్పుడు దానితో పాటు మిర్చి గుజ్జూ పోయింది, రంగూ పోయింది, చిక్కదనమూ పోయింది. కావాల్సింది కారం తగ్గించడం కాదు, మిర్చి మార్చడం. ఆ మిర్చి కోసం మెక్సికో దాకా పోనక్కర్లేదు, వరంగల్‌లోని ఏనుమాముల మార్కెట్ దాకా పోతే చాలు.

ఏనుమాముల మార్కెట్లో ఉన్న ఆంచో

వరంగల్ చపాటా మిర్చిని చూసినవాళ్లకు చెప్పనక్కర్లేదు. చూడనివాళ్లకు చెప్పాలంటే, సన్నగా కోసుగా ఉండే తేజకు పూర్తిగా వ్యతిరేకం. పొట్టిగా, లావుగా, గుండ్రంగా ఉంటుంది. అందుకే టమాటా మిర్చి అని కూడా అంటారు. కాయ రకాన్ని బట్టి సింగిల్ పట్టి, డబుల్ పట్టి అని పిలుస్తారు. ముదురు ఎరుపు రంగు, చాలా తక్కువ కారం దాని గుణాలు. వరంగల్, హనుమకొండ, ములుగు, భూపాలపల్లి జిల్లాల్లో పండిస్తారు. 2025లో దీనికి భౌగోళిక గుర్తింపు, అంటే జీఐ ట్యాగ్ వచ్చింది. తొక్కులకు వాడేవాళ్లు, రంగు తీసే కంపెనీలు దీన్ని వెతుక్కుని కొంటారు. తేజ కన్నా ఎంతో ఎక్కువ ధర పలికిన సీజన్లు ఉన్నాయి, చతికిలబడ్డ సీజన్లూ ఉన్నాయి.

ఈ మిర్చిని మా ఇంట్లో ఎప్పుడూ తొక్కుకే వాడాం. పండు మిర్చి తొక్కులో రంగుకోసం చపాటా, కారం కోసం వేరే మిర్చి కలపడం అమ్మకు అలవాటు. కాబట్టి ఆలోచన నాది కాదు, అమ్మదే. నేను చేసిందల్లా ఆ లెక్కనే చిల్లీకి పట్టించడం. ఆరుగురికి సరిపడా వంటకు పన్నెండు ఎండు చపాటా కాయలు, రెండే రెండు తేజ కాయలు. చపాటా గుజ్జు కోసం, తేజ మంట కోసం.

కాయలను కోసి గింజలు దులిపేసి, లోపలి తెల్లటి పొర కూడా గీకేయాలి. మంట గింజల్లో ఉంటుందని మనమంతా అనుకుంటాం. నిజానికి మంట పుట్టించే క్యాప్సైసిన్ తయారయ్యేది గింజలు అంటుకుని ఉండే ఆ తెల్ల పొరలో. గింజలకు అంటేది అక్కడి నుంచే. తర్వాత పెంక మీద చాలా సన్నటి సెగన కాయలు కొంచెం మెత్తబడి వాసన వచ్చేదాకా, అర నిమిషం కన్నా తక్కువే వేడి చేయాలి. నల్ల మచ్చలు పడితే చేదు వస్తుంది, ఆ చేదు ఇక ఏం వేసినా పోదు. ఒకసారి నేను ఫోన్ మాట్లాడుకుంటూ మాడ్చి, పోనీలే అని వాడాను. మొత్తం గిన్నె పాడైంది. వేడి చేసిన కాయలను మరిగిన నీళ్లలో ఇరవై నిమిషాలు నానబెట్టి, మిక్సీలో మెత్తగా రుబ్బితే కుంకుమ రంగులో గుజ్జు వస్తుంది. నానబెట్టిన నీళ్లను రుచి చూడండి. చేదుగా లేకపోతే అవే వాడుకోవచ్చు.

ఈ గుజ్జును నూనెలో వేయించాలి, నీళ్లలో కలిపేయకూడదు. మిర్చి ఎరుపు రంగూ, మంటా రెండూ నూనెలోనే కరుగుతాయి, నీళ్లలో కరగవు. మన వాళ్లు ‘నూనె పైకి తేలేదాకా వేయించు’ అనేది ఇందుకే. నూనె తేలినప్పుడు ఆ ఎర్రటి నూనె ప్రతి ముక్కకూ పట్టుకుంటుంది. నీళ్లు తాగితే మంట తగ్గక, పెరుగు తింటే తగ్గడానికి కారణం కూడా దగ్గర దగ్గర అదే. పాలలోని కేసిన్ అనే ప్రొటీన్ క్యాప్సైసిన్‌ను పట్టుకుని నాలుక మీద నుంచి లాగేస్తుంది. అమ్మ మజ్జిగ చెంబు అందుకోవడం వెనక ఇంత కథ ఉంది.

పేరుకు టర్కీ, ఊరు మెక్సికో

టర్కీ కోడి పేరంత గందరగోళం ఇంకో పక్షికి లేదేమో. పుట్టుక మెక్సికో, మచ్చిక చేసుకున్నదీ అక్కడివాళ్లే. యూరప్‌కు చేరాక ఇంగ్లిష్ వాళ్లు టర్కీ వర్తకుల ద్వారా వచ్చే గినీ కోడితో పొరపడి టర్కీ అన్నారు. టర్కీ దేశస్థులు దాన్ని ‘హిందీ’ అంటారు. ఫ్రెంచ్ వాళ్ల మాట ‘దాంద్’కు ఇండియా నుంచి వచ్చినది అని అర్థం. పోర్చుగీసు వాళ్లకు అది ‘పెరూ’. మన దేశంలో 1612లో గోవా నుంచి ముకర్రబ్ ఖాన్ తెచ్చిన ఈ పక్షిని చూసి జహంగీర్ చక్రవర్తి ఆశ్చర్యపోయి, తన జ్ఞాపకాల్లో దాని గురించి రాసుకున్నాడు. దాని బొమ్మ కూడా వేయించాడు. ఉస్తాద్ మన్సూర్ వేసిన ఆ టర్కీ బొమ్మ ఇప్పటికీ ఉంది.

ఆ మాటకొస్తే ఈ గిన్నెలో పడేవాటిలో ఎక్కువ భాగం అమెరికా ఖండాల నుంచి వచ్చినవే. మిర్చి, టమాట, రాజ్మా, మక్కజొన్న, క్యాప్సికం, గుమ్మడికాయ, టర్కీ. కాకతీయుల కాలంలో ఓరుగల్లు వంటిళ్లలో వీటిలో ఒక్కటీ లేదు. అప్పటి ఘాటు మిరియాలది. ఇప్పుడు మిర్చి, మక్క లేని వరంగల్ జిల్లాను ఊహించడమే కష్టం. అందుకే ఈ వంటను విదేశీ వంట అనుకుని భయపడటం నాకు తమాషాగా అనిపిస్తుంది.

టర్కీ మాంసం ఇక్కడ మామూలు చికెన్ సెంటర్‌లో దొరకదు. ఊళ్లలో నాటుకోళ్లతో పాటు పెరట్లో పెంచుకునేవాళ్లున్నారు, చిన్న ఫారాలవాళ్లున్నారు. ముందుగా చెప్పి పెట్టుకోవాలి. మేం తెచ్చుకున్నది నాలుగున్నర కిలోల ఆడపక్షి. ఒక్క పూటకు అయ్యేది కాదు, బంధువుల ఇళ్లకు పంచాం. అమెరికా వంటకాల్లో రాసే టర్కీ ఖీమా అంటే ఫారంలో మూడు నాలుగు నెలలకే కోసిన లేత పక్షిది. మనకు ఊళ్లో దొరికేది పెరడంతా తిరిగి ముదిరిన పక్షి. కాబట్టి వాళ్లు రాసిన ‘ముప్ఫై నిమిషాలు ఉడికించండి’ అన్న మాట మనకు పనికిరాదు.

ఇంకో చిక్కు, టర్కీ ఒకే మాంసం కాదు. రొమ్ము తెల్లగా, తొడ ముదురుగా ఉంటాయి. రోజంతా నడిచే పక్షి కాబట్టి కాళ్ల కండరాలకు ప్రాణవాయువు ఎప్పుడూ కావాలి, దాన్ని నిల్వ చేసే మయోగ్లోబిన్ వల్ల ఆ రంగు. తొడలో కండరాలను కలిపి ఉంచే కొలాజెన్ ఎక్కువ. అది నీళ్లలో సన్నటి సెగన చాలాసేపు ఉడికితేనే కరిగి జిగురుగా మారి కూరకు చిక్కదనం ఇస్తుంది. రొమ్ములో ఆ జిగురూ లేదు, కొవ్వూ లేదు. తోలు తీస్తే 100 గ్రాముల రొమ్ము మాంసంలో కొవ్వు రెండు గ్రాములకు మించదు. ఎక్కువసేపు ఉడికిస్తే పీచుపీచుగా, పిండేసిన గుడ్డలా అవుతుంది. రెండింటినీ కలిపి ఒకేసారి గిన్నెలో వేయడం నేను చేసిన రెండో తప్పు. తొడ ఉడికేసరికి రొమ్ము చెక్కపొడి అయింది.

ఇప్పుడు నేను చేసేది ఇది. తొడ, కాలు మాంసం అరకిలో తీసుకుని, ఇంట్లోనే కత్తితో సన్నగా కొడతాను. మటన్ షాపులో ఖీమా మిషన్ ఉంటుంది గాని అందులో ముందు పట్టిన మటన్ కొవ్వు కలుస్తుంది, పైగా మరీ పేస్టులా వస్తుంది. చేత్తో కొట్టిన ఖీమాలో పప్పు గింజంత ముక్కలు నోటికి తగులుతాయి. రొమ్ము పావుకిలో చిన్న ముక్కలు కోసి పక్కన పెట్టి, చివరి పావుగంటలో వేస్తాను. బొక్కలను కుక్కర్లో అరగంట ఉడికించి ఆ రసాన్ని నీళ్లకు బదులు వాడతాను. ముదురు పక్షి అయితే కొట్టిన ఖీమాను కూడా ఆ రసంలోనే ముందు రెండు విజిల్స్ రానివ్వడం మేలు. ఏ పక్షి అయినా ముక్క మధ్యలో 74 డిగ్రీల సెల్సియస్ దాటాలన్నది అమెరికాలో ఆహార భద్రత వాళ్లు చెప్పే లెక్క. గిన్నె కుతకుతలాడుతూ పావుగంట ఉడికితే చిన్న ముక్క ఆ లెక్క దాటిపోతుంది, థర్మామీటర్ అక్కర్లేదు.

కొవ్వు లేని మాంసం కాబట్టి నూనె తగ్గించకండి. ‘టర్కీ అంటే ఆరోగ్యం’ అని నూనె రెండు చెంచాలకు దించితే, పైన చెప్పినట్టు మిర్చి రంగూ రుచీ విడుదల కావడానికి చోటే ఉండదు. ఆరుగురికి ఐదు టేబుల్ స్పూన్ల పల్లినూనె నాకు సరిపోయింది. మనిషికి ఒక చెంచా కూడా పడదు.

రాజ్మా విషయంలో మాత్రం జాగ్రత్త

టెక్సాస్ వాళ్లను అడిగితే చిల్లీలో గింజలే ఉండకూడదంటారు. 1977లో చిల్లీని తమ రాష్ట్ర వంటకంగా ప్రకటించుకున్నవాళ్లు కదా, ఆ పట్టింపు ఉంటుంది. కానీ కూరగాయలు వేసి కడుపు నిండేలా చేసుకునే ఇంటి చిల్లీలో గింజలు ఉండాలి. నా మట్టుకు గింజలు లేని చిల్లీ ఉత్త ఖీమా.

ఎర్ర రాజ్మాలో ఫైటోహెమగ్లుటినిన్ అనే లెక్టిన్, అంటే ఒక రకం విషపు ప్రొటీన్ ఉంటుంది. సరిగ్గా ఉడకని నాలుగైదు గింజలు తిన్నా వాంతులు, విరేచనాలు పట్టుకోవచ్చు. నానబెట్టిన నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో తెర్లుతూ ఉడికించాలి. 100 డిగ్రీల దగ్గర కనీసం పది నిమిషాలు, ఇంకా భద్రంగా ఉండాలంటే అరగంట. మన ప్రెషర్ కుక్కర్‌కు ఇది లెక్కే కాదు. ప్రమాదం స్లో కుక్కర్లలో ఉంది. అమెరికా వంటకాల్లో ‘అన్నీ స్లో కుక్కర్‌లో పడేసి ఆఫీసుకు పోండి’ అని రాస్తారు. అది డబ్బాలో ముందే ఉడికించి అమ్మే గింజల కోసం రాసింది. పచ్చి రాజ్మాను అలా 80 డిగ్రీల దగ్గర వదిలేస్తే విషం తగ్గకపోగా పెరగొచ్చు కూడా. ఇప్పుడు మన దగ్గర కూడా అలాంటి ఎలక్ట్రిక్ కుక్కర్లు కొంటున్నారు కాబట్టి చెబుతున్నాను.

ఇక గింజ మెత్తబడకపోవడం. నాలుగు విజిల్స్‌కు మెత్తబడాల్సిన రాజ్మా ఎనిమిదైనా గట్టిగా ఉంటే తప్పు రెండింటిలో ఒకటి. మొదటిది టమాట. గింజ గోడలను అతికి ఉంచే పెక్టిన్‌ను పులుపు కరగనివ్వదు. టమాటలో వేసి ఉడికిస్తే గింజ రాయిలా ఉండిపోతుంది. రెండోది నీళ్లు. బోరునీళ్లలో కాల్షియం ఎక్కువ, అది కూడా పెక్టిన్‌ను బిగిస్తుంది. కుక్కర్ లోపల తెల్లటి పొర కడుతుంటే మీవి అలాంటి నీళ్లే. మా ఇంట్లో మిషన్ భగీరథ నల్లా నీళ్లకు మార్చాక తేడా స్పష్టంగా కనిపించింది. నానబెట్టే నీళ్లలో ఒక చెంచా ఉప్పు వేయడం కూడా ఉపయోగమే. ఉప్పు వేస్తే గింజ ఉడకదని మన ఇళ్లలో అంటారు గాని, ఉప్పులోని సోడియం తొక్కలోని కాల్షియం చోటులోకి చేరి తొక్కను మెత్తబరుస్తుంది.

రాజ్మా ఇష్టం లేకపోతే బబ్బెర్లు వాడండి. నాకు అవే ఎక్కువ నచ్చాయి. బబ్బెర్ల గుడాలు తిని పెరిగిన నోటికి ఆ రుచి తెలిసిందే, త్వరగా ఉడుకుతాయి, రాజ్మా అంత భయమూ లేదు.

వండే వరుస

200 గ్రాముల గింజలు రాత్రి నానబెట్టి, పొద్దున ఉడికించి పక్కన పెట్టుకోవాలి. మూకుడు బాగా వేడెక్కాక రెండు చెంచాల నూనె పోసి, ఖీమాను పల్చగా పరిచి మూడు నిమిషాలు కదపకుండా వదిలేయాలి. ఇది మన అలవాటుకు కష్టమైన పని. మనం మాంసం వేయగానే ఉప్పు, పసుపు వేసి కలుపుతూ మూతపెడతాం. దాంతో నీళ్లూరి మాంసం ఆ నీళ్లలో ఉడుకుతుంది. నీళ్లున్నంతసేపు వేడి 100 డిగ్రీలు దాటదు. మాంసం గోధుమరంగుకు తిరిగి కాల్చిన వాసన రావాలంటే 140 డిగ్రీలు దాటాలి. కాబట్టి సగం సగం చేసి రెండు విడతల్లో వేయించండి. ముందు కుక్కర్లో ఉడికించిన ఖీమా అయితే నీళ్లు పూర్తిగా వార్చి, అప్పుడు వేయించండి. మూకుడు ఇనుపదైతే మాంసం ఇందులో వేయించి, టమాట వేసే ముందు మొత్తం స్టీలు గిన్నెలోకి మార్చేయండి. పులుపుకు ఇనుము కరిగి కూర నల్లబడుతుంది.

మిగిలిన నూనెలో మూడు పెద్ద ఉల్లిగడ్డలు, పది ఎల్లిగడ్డ పాయలు వేయించి, దోరగా వేయించి కొట్టిన జీలకర్ర రెండు చెంచాలు, ధనియాల పొడి ఒక చెంచా వేయాలి. ఒరెగానో స్థానంలో రెండు వాము ఆకులు సన్నగా తరిగి వేస్తాను. పిజ్జా పొట్లాల్లో వచ్చే ఒరెగానో వాసనకూ, మన పెరట్లో కుండీలో పెరిగే వాము ఆకు వాసనకూ మూలం ఒకటే, కార్వక్రాల్, థైమాల్ అనే నూనెలు. ఎక్కువ వేస్తే జలుబు మందులా ఉంటుంది, రెండాకులు చాలు. తర్వాత చపాటా గుజ్జు వేసి ఎర్రటి నూనె అంచుల్లో తేలేదాకా వేయించాలి. ఓపిక పట్టాల్సింది ఇక్కడే. పది నిమిషాలైనా పడుతుంది.

టమాటలు అరకిలో. వీటిని రోటి పచ్చడికి కాల్చినట్టు పొయ్యి మంట మీద తొక్క నల్లబడేదాకా కాల్చి, తొక్క తీసి నలిపి వేస్తాను. టెక్సాస్‌లో కొందరు పొగబెట్టి ఎండించిన చిపోట్లే మిర్చి వాడి తెచ్చే పొగవాసన మనకు ఇలా వస్తుంది. టమాట దగ్గరపడ్డాక ఖీమా, బొక్కల రసం మూడు గ్లాసులు, ఉడికిన గింజలు వేసి సన్నటి సెగన నలభై నిమిషాలు వదిలేయాలి.

కూరగాయల గురించి పెద్దగా చెప్పేదేం లేదు. గట్టివి ముందు, మెత్తవి వెనక. క్యారెట్, గుమ్మడికాయ ముక్కలు చివరి ఇరవై ఐదు నిమిషాల్లో, క్యాప్సికం, మక్క గింజలు, రొమ్ము ముక్కలు చివరి పావుగంటలో. సొరకాయ, బీరకాయ వద్దు, నీళ్లు వదిలి గుజ్జును పల్చన చేస్తాయి. చివర్లో ఇంకా పల్చగా అనిపిస్తే రెండు చెంచాల మక్క పిండిని దోరగా వేయించి, చల్లటి నీళ్లలో కలిపి పోయండి. మెక్సికోలో మక్కలను సున్నపు నీళ్లలో ఉడికించి రుబ్బిన పిండి వాడతారు, దాని వాసన వేరు. మన పిండికి ఆ వాసన రాదు గాని చిక్కదనం వస్తుంది. దించే ముందు నిమ్మరసం, గోరంత బెల్లం. చింతపండు వేస్తే పులుసు దారి పడుతుంది.

గరం మసాలా దగ్గర అమ్మకూ నాకూ ఇంకా తెగలేదు. "గింత మాంసం పెట్టి లవంగ పట్టా లేకుంటెట్ల?" అంటుంది. వేస్తే మంచి కూరే అవుతుంది, కాదనను. అయితే మిర్చి, జీలకర్ర వాసన మీద అది ఎక్కి కూర్చుంటుంది. చివరికి ఆమె గిన్నెలో ఆమె చిటికెడు వేసుకునేటట్టు ఒప్పందం కుదిరింది.

ఇది మరునాడే ఎక్కువ రుచి. జిగురు బిగుసుకుని, మిర్చి గుజ్జు గింజల లోపలికి పోయి ఉంటుంది. అయితే పెద్ద గిన్నెను రాత్రంతా పొయ్యి మీదే వదిలేయకండి. లోతైన గిన్నెలో మాంసం కూర చల్లబడటానికి గంటలు పడుతుంది, ఆ గోరువెచ్చటి గంటల్లోనే ఉడకబెట్టినా చావని కొన్ని బ్యాక్టీరియా బీజాలు మళ్లీ పెరుగుతాయి. మే నెల వరంగల్‌లో ఇంకా తొందరగా. వెడల్పు గిన్నెల్లోకి పంచి, రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టి, తినేటప్పుడు పూర్తిగా తెర్లేలా వేడి చేసుకోవాలి.

అక్కవాళ్లు పైన సోర్ క్రీమ్ వేసుకుని మక్క రొట్టెతో తింటారట. మేం జొన్న రొట్టె, గట్టి పెరుగు, పచ్చి ఉల్లిగడ్డతో తింటున్నాం. వచ్చే నెల అక్క ఇంటికొస్తోంది. పోయేటప్పుడు పట్టుకపోతా, రెండు కిలోల చపాటా తెచ్చి పెట్టమని ఇప్పటికే మూడుసార్లు గుర్తు చేసింది. నిన్ననే తెచ్చి మిద్దె మీద ఆరబోశాను.